మన ఎండల్లో చాక్లెట్ చంక్ కుకీలు: ఓవెన్ కంటే ముందు ఫ్రిజ్‌లో చోటు చూసుకోండి

"ట్రేలో ముద్దలు పెడితే దోసెల్లా పరుచుకుని అన్నీ ఒకటైపోయాయి, ఎందుకు?" కుకీల గురించి నన్ను అడిగేవాళ్లలో సగం మంది అడిగేది ఇదే. మిగతా సగం మందిది ఇంకో బాధ: "తీసినప్పుడు మెత్తగా ఉన్నాయని ఇంకో ఐదు నిమిషాలు ఉంచాను, చల్లారాక కొరకలేకపోయాం." కొలతలు పంపమంటే పంపుతారు, చూస్తే కొలతల్లో తప్పేమీ ఉండదు. తేడా అంతా మన వంటిల్లు దగ్గర వస్తోంది. వీడియోల్లో "రూమ్ టెంపరేచర్‌లో ఉన్న వెన్న" అంటారు కదా, వాళ్ల రూమ్ అంటే 20, 22 డిగ్రీలు. మే నెలలో విజయవాడలో బయట 42, 43 కొడుతున్నప్పుడు వంటింట్లో 36 ఉన్నా తక్కువే, వెన్న 32 దాటితే కరగడం మొదలు. అంటే ఆ మాటను మన దగ్గర యథాతథంగా పాటిస్తే గిన్నెలో వెన్న ఉండదు, నూనె ఉంటుంది. గుంటూరులో అయినా ఇంతే, ఎండ విషయంలో రెండు ఊళ్లూ పోటీ పడతాయి.

అందుకే ఈ పద్ధతిలో ఫ్రిజ్‌కే ఎక్కువ పని చెప్పాను. ఓటీజీ (కరెంటుతో నడిచే చిన్న ఓవెన్) ఉన్నవాళ్లకు, కన్వెక్షన్ మైక్రోవేవ్ ఉన్నవాళ్లకు, ఏదీ లేక కుక్కర్‌తో సరిపెట్టుకునేవాళ్లకు కూడా పనికొస్తుంది.

కావలసినవి (15, 16 కుకీలకు)

- వెన్న 100 గ్రాములు. చిన్న అమూల్ ప్యాకెట్ ఒకటి సరిగ్గా సరిపోతుంది.
- బ్రౌన్ షుగర్ 80 గ్రాములు
- పంచదార 50 గ్రాములు (పావు కప్పు)
- గుడ్డు 1
- వెనిలా ఎసెన్స్ 1 టీస్పూన్
- మైదా 160 గ్రాములు (కప్పుతో అయితే ఒకటింపావు)
- వంట సోడా అర టీస్పూన్
- ఉప్పు చిటికెడు, అదీ ఉప్పు లేని వెన్న వాడితేనే. మామూలు టేబుల్ బటర్‌లో ఉప్పు ఉంటుంది, మళ్లీ వేయకండి.
- డార్క్ చాక్లెట్ 130 నుంచి 150 గ్రాములు

సామాన్ల గురించి నాలుగు మాటలు చెప్పాలి, ఎందుకంటే ప్రశ్నల్లో చాలావరకు ఇక్కడే పుడతాయి.

చాక్లెట్. చంక్ అంటే వేరే సరుకేమీ కాదు, బార్‌ను కత్తితో మోటుగా ముక్కలు కొట్టడమే. 1930లలో అమెరికాలో, మసాచుసెట్స్‌లో రూత్ వేక్‌ఫీల్డ్ అనే ఆవిడ ఈ రకం కుకీలు మొదటగా చేసినప్పుడు వేసింది కూడా అలా కొట్టిన ముక్కలే, చిప్స్ ప్యాకెట్లు ఆ తర్వాత వచ్చాయి. చిప్స్ ఓవెన్ వేడికి కూడా ఆకారం చెడకుండా ఉండేలా తయారు చేస్తారు, అందుకే అవి కరిగి సాగవు. మనకు కావలసింది సాగడమే కాబట్టి బార్ కొనండి. 50, 55 శాతం కోకో ఉన్న డార్క్ బార్ అయితే తీపి సరిపోతుంది. పిల్లలు తినే మిల్క్ చాక్లెట్ వేస్తే పిండిలో తీపికి ఆ తీపి తోడై రెండోది తినబుద్ధి కాదు.

కేకు సామాన్ల షాపుల్లో 400, 500 గ్రాముల పలకలుగా దొరికేది చాలావరకు కాంపౌండ్. అందులో కోకో బటర్ బదులు వేరే నూనె కొవ్వు ఉంటుంది, అందుకే చవక, అందుకే మన ఎండకు కాస్త తట్టుకుంటుంది. వాడొచ్చు, తప్పేం లేదు. కానీ చల్లారాక నోట్లో కొంచెం మైనం పూసినట్టు అనిపిస్తే అది మీ తప్పు కాదు, కాంపౌండ్‌ది. కొనేటప్పుడు వెనక పదార్థాల పట్టీలో కోకో బటర్ అని ఉందా, వెజిటబుల్ ఫ్యాట్ అని ఉందా చూసుకుంటే చాలు. అన్నట్టు, దేశంలో కోకో ఎక్కువగా పండేది మన రాష్ట్రంలోనే, గోదావరి జిల్లాల కొబ్బరి తోటల్లో అంతరపంటగా వేస్తారు. ఆ గింజలతో చేసిన మంచి బార్లు ఇప్పుడు దొరుకుతున్నాయి, రుచి అద్భుతం, రేటు కూడా అలాగే ఉంటుంది. చేయి కుదిరాక వాటి జోలికి వెళ్లండి.

ఎండాకాలంలో కొన్న బార్ మీద తెల్లటి మచ్చలు ఉంటే బూజు అనుకుని పారేయకండి. షాపులోనో దారిలోనో కరిగి మళ్లీ గట్టిపడినప్పుడు కొవ్వు పైకి తేలి అలా కనిపిస్తుంది. కుకీల్లోకి నిక్షేపంగా వాడొచ్చు.

బ్రౌన్ షుగర్. ఇది కుకీ మధ్యలో మెత్తగా ఉండటానికి, కాబట్టి మొత్తం పంచదారతో చేస్తే కరకరలాడే బిస్కెట్ వస్తుంది. దొరక్కపోతే బెల్లం పొడి వేయొచ్చు. అయితే ఒకసారి జల్లించండి, గడ్డలు ఉంటాయి, ఒక్కోసారి ఇసుక కూడా. బెల్లంతో చేసినవి తొందరగా రంగు మారతాయి, ఒక నిమిషం ముందు నుంచే చూస్తూ ఉండండి. రుచి మాత్రం అరిసెల వైపు కొంచెం తిరుగుతుంది, నాకు నచ్చుతుంది, అందరికీ నచ్చకపోవచ్చు.

పంచదార. మనకు దొరికేది లావు పలుకు. మిక్సీలో రెండు తిప్పులు తిప్పి సన్న రవ్వలా చేసుకోండి, మరీ పొడి చేసేయకండి.

గుడ్డు తినని ఇళ్లకు, లేదా కార్తీక మాసంలో చేయాలంటే: గుడ్డు బదులు 3 టేబుల్‌స్పూన్ల చల్లటి పాలు, మైదాలో ఒక టీస్పూన్ కార్న్‌ఫ్లోర్. పెరుగు వేయమని చెప్తుంటారు, వేస్తే కేకులా పొంగుతుంది, కుకీ నమలుడు రాదు. గుడ్డు వేస్తే నీచు వాసన వస్తుందేమోనని భయపడేవాళ్లు వెనిలా మానకండి, అంతే.

వంట సోడా బదులు ఈనో వేయొచ్చా అని అడుగుతారు. వద్దు. అది తడి తగలగానే పొంగి ఆగిపోతుంది, మనం పిండిని గంటలకొద్దీ ఫ్రిజ్‌లో పెడుతున్నాం.

వెన్న బదులు నెయ్యి? అది వేరే వంటకం. పూర్వం బేకరీకి మైదా, పంచదార, నెయ్యి పట్టుకెళ్లి బిస్కెట్లు చేయించుకునేవాళ్లం కదా, నెయ్యితో అలాంటివి బాగా వస్తాయి, గుల్లగా. ఇవి రావు.

కొలతలకు 300, 400 రూపాయల్లో వచ్చే చిన్న డిజిటల్ కాటా కొనుక్కుంటే సగం టెన్షన్ పోతుంది. కప్పుతో కొలిచేవాళ్లు మైదాను చెంచాతో కప్పులోకి వేసి పైన చదును చేయండి. డబ్బాలో కప్పు ముంచి తీస్తే 20, 30 గ్రాములు ఎక్కువ పడుతుంది, కుకీ ముద్దలాగే ఉండిపోతుంది.

చేసే విధానం

1. పొద్దున్నే మొదలుపెట్టండి, ఆరు ఏడు గంటలకు. లేదా ఏసీ ఉన్న గదిలో టీపాయ్ మీద కలుపుకోండి, మైదా కలపడానికి వంటిల్లే కావాలని లేదు. మధ్యాహ్నం రెండింటికి పొయ్యి పక్కన నిలబడి మాత్రం వద్దు.

2. ముందు చాక్లెట్ కోసుకోండి. ఫ్రిజ్‌లో పది నిమిషాలు ఉంచి తీసి, బ్రెడ్ కోసే పళ్ల కత్తితో ఒక సెంటీమీటరు ముక్కలుగా కొట్టండి. అన్నీ ఒకే సైజు రావాల్సిన పని లేదు, రాకపోతేనే బాగుంటుంది. కింద రాలిన పొడి కూడా పిండిలోకే. గుప్పెడు పెద్ద ముక్కలు పక్కన తీసి, అన్నీ మళ్లీ ఫ్రిజ్‌లో పెట్టేయండి.

3. మైదా, సోడా, (కావాలంటే) ఉప్పు కలిపి రెండుసార్లు జల్లించండి. సోడా ఒకచోట ఉండిపోతే ఆ కుకీ తిన్నవాళ్లకు సబ్బు రుచి తగులుతుంది.

4. వెన్న. దీని మీదే మొత్తం ఆధారపడి ఉంది కాబట్టి నిదానంగా చదవండి. ఫ్రిజ్‌లోంచి తీసి చిన్న ముక్కలుగా కోసి ప్లేటులో పరచండి. డిసెంబరులో అయితే అరగంట పైనే పట్టొచ్చు, మే నెలలో ఐదారు నిమిషాలు చాలు. గడియారం చూడకండి, వేలితో నొక్కండి. వేలు దిగబడి గుంట పడాలి, అంచులు నిలబడే ఉండాలి, వేలికి జిడ్డు మెరవకూడదు. మెరుస్తోందా, మళ్లీ ఫ్రిజ్‌లో పది నిమిషాలు పెట్టండి. మైక్రోవేవ్‌లో పది సెకన్లు పెడతానంటారు కొందరు, బయట చల్లగా ఉండి లోపల కరిగిపోతుంది, ఆ తొందర వద్దు.

5. వెన్నలో రెండు చక్కెరలూ వేసి రెండు మూడు నిమిషాలు గిలక్కొట్టండి. బీటర్ లేకపోతే చెక్క గరిటె చాలు, చేతికి కాస్త పని. రంగు కొంచెం పాలిపోయి, ముద్దగా గరిటెను పట్టుకుంటే సరి. కేకుకు కొట్టినట్టు తెల్లగా నురగలా అయ్యేదాకా కొట్టకండి, గాలి ఎక్కువైతే ఓవెన్‌లో పొంగి తర్వాత చప్పబడిపోతాయి. గిన్నె అడుగున నూనె తేలుతున్నట్టు కనిపిస్తే గిన్నెతో సహా ఫ్రిజ్‌లోకి.

6. గుడ్డు, వెనిలా వేసి కలిసేదాకా మాత్రం కలపండి, అర నిమిషం చాలు. విరిగినట్టు కనిపిస్తే కంగారు పడొద్దు, మైదా పడగానే సర్దుకుంటుంది.

7. మైదా అంతా ఒకేసారి వేసి గరిటెతో కిందనుంచి పైకి తిప్పండి. పొడి గీతలు ఇంకా కొన్ని కనిపిస్తుండగానే చాక్లెట్ ముక్కలు వేసి మరో నాలుగైదు తిప్పులు తిప్పి ఆపేయండి. చపాతీ పిండిలా చేత్తో మర్దనా చేయకండి, మైదా సాగుడు పట్టి కుకీ గట్టిపడుతుంది. పిండి చేతికి కొంచెం అంటుకునేలాగే ఉండాలి. మరీ అంటుకుంటోందని ఇంకాస్త మైదా వేయడం అందరూ చేసే పని, అక్కడ కావలసింది మైదా కాదు, చల్లదనం.

8. ఇప్పుడే ముద్దలు చేసుకోండి, పెద్ద నిమ్మకాయంత, 35 గ్రాములు. ముందు పిండి మొత్తం ఫ్రిజ్‌లో పెట్టి తర్వాత తీస్తే రాయిలా బిగుసుకుని గరిటె విరుగుతుంది. స్టీలు ప్లేటులో పేర్చి, తీసి పెట్టుకున్న పెద్ద ముక్కలు పైన ఒక్కోటి గుచ్చండి. నున్నగా లడ్డూల్లా చుట్టక్కర్లేదు.

9. ఫ్రిజ్‌లో కనీసం రెండు గంటలు. రాత్రంతా ఉంచగలిగితే రంగు, రుచి రెండూ పెరుగుతాయి, నేనైతే రాత్రి కలిపి మర్నాడు కాలుస్తాను. మూత గట్టిగా ఉన్న డబ్బాలో పెట్టడం మాత్రం మర్చిపోవద్దు. మన ఫ్రిజ్‌లో దోసె పిండి ఉంటుంది, కోసిన ఉల్లిపాయ ఉంటుంది, ఏ మూలో గోంగూర పచ్చడి ఉంటుంది, వెన్న ఆ వాసనలన్నీ పీల్చుకుంటుంది. పచ్చి పిండి రుచి చూడ్డానికి పిల్లలు వస్తారు, ఇవ్వకండి, అందులో పచ్చి గుడ్డూ ఉంది, పచ్చి మైదా కూడా కడుపుకు మంచిది కాదు.

10. ఓటీజీని 175 డిగ్రీలకు, పైన కింద రెండు రాడ్లూ ఆన్ చేసి, 15 నిమిషాలు వేడి చేయండి. లైటు ఆరగానే వేడెక్కిందనుకోకండి, ఇంకో ఐదు నిమిషాలు ఆగండి. ఫ్యాన్ ఉన్నదైతే, కన్వెక్షన్ మైక్రోవేవ్ అయితే 160, 165 చాలు. మైక్రోవేవ్ మోడ్‌లో కుకీలు కావు, అడగొద్దు. పెద్ద ఓటీజీలకు 16 యాంప్స్ సాకెట్ కావాలి, మల్టీప్లగ్‌లో పెట్టకండి, ఇన్వర్టర్ మీద నడపకండి.

11. ట్రే మీద ఓవెన్‌కు పనికొచ్చే బేకింగ్ పేపర్ పరచండి. బటర్ పేపర్ పేరుతో అమ్మేవాటిలో మైనం పూత ఉన్నవీ ఉంటాయి, వాటి నుంచి పొగ వస్తుంది, ప్యాకెట్ మీద ఓవెన్ గుర్తు చూడండి. పేపర్ లేకపోతే ట్రేకి పల్చగా వెన్న రాసి మైదా చల్లండి.

12. మొదట ఒకే ఒక్క కుకీ పెట్టి కాల్చండి. ఒకటి పోతే పోయింది, మిగతా పదిహేను బతుకుతాయి. అది మరీ పరుచుకుపోతే మిగతా ముద్దలను ఫ్రీజర్‌లో 20 నిమిషాలు పెట్టండి. అప్పటికీ పరుచుకుంటే వెన్న మొదట్లోనే కరిగిపోయిందన్నమాట, ముద్దలను చిదిమి రెండు టేబుల్‌స్పూన్ల మైదా కలిపి మళ్లీ చుట్టండి. అసలు కదలకుండా ఉండలాగే ఉండిపోతే మైదా ఎక్కువైంది, మిగతావాటిని అరచేత్తో సగానికి నొక్కి పెట్టండి.

13. పరీక్ష బాగుంటే ముద్దలను రెండంగుళాల దూరంలో, మధ్య అరలో పెట్టండి. చిన్న ట్రేలో ఆరు, అంతకంటే ఆశపడొద్దు. మిగతావి ఫ్రిజ్‌లోనే ఉండాలి, గట్టు మీద కాదు.

14. 11 నుంచి 13 నిమిషాలు. పదో నిమిషం నుంచి అద్దంలోంచి చూడండి, తలుపు తీయకండి.

అయిందని ఎలా తెలుస్తుంది

చుట్టూ అర సెంటీమీటరు అంచు లేత బంగారు రంగులోకి తిరిగి గట్టిపడాలి. మధ్యలో ఇంకా పాలిపోయి, కొంచెం ఉబ్బి, పచ్చిగానే ఉందేమో అన్నట్టు కనిపించాలి. సరిగ్గా అప్పుడే తీసేయాలి. ఇక్కడే అందరి చేయీ ఆడదు. మనకు అలవాటైన వంటలన్నీ ఉడికాయో లేదో పొయ్యి మీదే తెలుస్తాయి, బిస్కెట్ అంటే గట్టిగా ఉండాలని మనసులో ఉంటుంది, మెత్తగా కనిపించగానే ఇంకో ఐదు నిమిషాలు అనేస్తాం. ఇవి ట్రే వేడికి బయటికొచ్చాక కూడా కాలుతూనే ఉంటాయి. తీసి ట్రే మీదే పది నిమిషాలు వదిలేయండి, ముట్టుకోకండి, అట్లకాడ పెట్టి లేపితే విరిగిపోతాయి. పది నిమిషాల తర్వాత ఒకటి లేపి అడుగు చూడండి: సమంగా గోధుమ రంగు ఉంటే సరి, తెల్లగా ఉంటే తర్వాతి వాయికి ఒక నిమిషం పెంచండి, నల్లబడితే ట్రేను ఒక అర పైకి జరపండి లేదా కింద ఇంకో ఖాళీ ట్రే పెట్టండి.

టూత్‌పిక్ గుచ్చి చూడటం కేకులకే, ఇక్కడ చాక్లెట్ ముక్కకు తగిలి ఎప్పుడూ తడిగానే వస్తుంది.

రెండో వాయికి ట్రే పూర్తిగా చల్లారాలి. వేడి ట్రే మీద ముద్ద పెట్టగానే ఓవెన్‌లోకి వెళ్లకముందే కరిగిపోతుంది. చాలా ఓటీజీలతో ఒకే ట్రే ఇస్తారు, ఇంకోటి కొనుక్కోండి.

మధ్యలో కరెంటు పోతే: పెట్టిన ఒకటి రెండు నిమిషాల్లోనే అయితే తీసి మళ్లీ ఫ్రిజ్‌లో పెట్టేయండి. సగం పైగా అయ్యాక పోతే తలుపు తీయకుండా అలాగే వదిలేయండి, లోపలి వేడికే చాలావరకు అయిపోతాయి, కాస్త చదునుగా వస్తాయి అంతే.

ఓవెన్ లేకపోతే

దళసరి అల్యూమినియం కుక్కర్ తీసుకుని విజిల్, గాస్కెట్ రెండూ తీసేయండి. తీయకుండా చేయకూడదు, ఇది జోక్ కాదు. అడుగున రెండు గ్లాసుల రాళ్ల ఉప్పు పోసి పైన స్టాండ్ పెట్టి మూత వేసి మధ్యస్థ మంట మీద పది నిమిషాలు వేడి చేయండి. నీళ్లు పోయకూడదు. నాన్‌స్టిక్ గిన్నెలు దీనికి వాడొద్దు, ఖాళీగా అంత వేడి చేస్తే పూత పాడవుతుంది. స్టీలు ప్లేటులో మూడు నాలుగు ముద్దలు కొంచెం నొక్కి పెట్టి, మంట బాగా తగ్గించి 15 నుంచి 20 నిమిషాలు. పైన రంగు పెద్దగా రాదు, పై నుంచి వేడి లేదు కాబట్టి, అంచులు గట్టిపడ్డాయా లేదా అన్నదే చూసుకోండి. ఆ ఉప్పు మళ్లీ కూరల్లోకి వద్దు, ఒక డబ్బాలో పోసి ఇదే పనికి ఉంచుకోండి.

ఓటీజీ మీద అనుమానం ఉంటే

ఎంత చెప్పినా 11 నిమిషాలకే మాడిపోతున్నాయంటే మీ ఓటీజీ డయల్ అబద్ధం చెబుతోంది. ఓవెన్ థర్మామీటర్ కొంటే మంచిది. కొనకుండా తెలుసుకోవాలంటే, పంచదార సుమారు 186 డిగ్రీల దగ్గర కరుగుతుంది. ఫాయిల్‌తో చిన్న గిన్నె చేసి ఒక చెంచా పంచదార వేసి, 175 మీద వేడెక్కిన ఓవెన్‌లో 15 నిమిషాలు ఉంచండి. పలుకు పలుకుగానే ఉండాలి. కరిగిపోయిందంటే లోపల వేడి ఎక్కువ, డయల్ 160కి తిప్పుకుని వాడండి. తర్వాత 195 మీద ఇంకో చెంచాతో చూడండి, అప్పటికీ కరగకపోతే తక్కువ కాలుతోందని, మీరే 10, 15 డిగ్రీలు పెంచుకోవాలి. కరిగిన పంచదార చేతికి తగిలితే చర్మం ఊడి వస్తుంది, చల్లారాకే తీయండి.

దాచుకోవడం

పూర్తిగా చల్లారాకే డబ్బాలో పెట్టండి, వేడిగా మూత వేస్తే చెమట పట్టి తడిసిపోతాయి. గాలి చొరని డబ్బాలో మూడు నాలుగు రోజులు బాగుంటాయి. వానాకాలంలో మెత్తబడితే 150 డిగ్రీల దగ్గర మూడు నిమిషాలు, గట్టిపడితే డబ్బాలో ఒక బ్రెడ్ ముక్క వేసి రాత్రంతా ఉంచండి, ఆ తేమ తీసుకుంటాయి. చీమల సంగతి మీకు చెప్పక్కర్లేదు, నీళ్ల పళ్లెంలో డబ్బా పెట్టుకోవడమే.

అన్నీ ఒకేసారి కాల్చక్కర్లేదు. ముద్దలు గట్టిపడ్డాక కవర్లో వేసి ఫ్రీజర్‌లో పెడితే నెల, రెండు నెలలు ఉంటాయి. ఎవరైనా వచ్చినప్పుడు నాలుగు తీసి, కరగనివ్వకుండా అలాగే ఓవెన్‌లో పెట్టి, ఇంకో రెండు నిమిషాలు ఎక్కువ కాల్చండి. మే నెలలో నిజానికి ఇలా ఫ్రీజర్ నుంచి నేరుగా కాల్చినవే మామూలు వాటికంటే ఎత్తుగా వస్తాయి.